షావుకారు ఓడ యుద్ధానికి వెళ్లిన వైనం

విశాఖపట్నం

చిరంజీవులైన మనవడికీ మనవరాలికీ తాతయ్య ఆశీర్వదించి వ్రాయునది.

మొన్న సెలవుల్లో బీచి రోడ్డులో కురుసుర జలాంతర్గామిని చూసి బయటికి వస్తూ, డబ్బున్నవాళ్ల షికారు ఓడలు కూడా యుద్ధానికి పనికొస్తాయా అని మీరు అడిగారు. ఎండకు తాళలేక అప్పుడు మాట దాటవేశాను కనుక ఇప్పుడు తీరిగ్గా రాస్తున్నాను.

అమెరికాలో జె.పి. మోర్గాన్ అనే పెద్ద బ్యాంకరు ఉండేవారు. ఆయన తన షికారు నౌకలకు వరుసగా ‘కోర్సేర్’ అనే పేరే పెట్టుకున్నారు. ఆ మాటకు సముద్రపు దొంగ అని అర్థం. బ్యాంకరుకు అదేం సరదాయో నాకు తెలియదు. 1891లో తయారైన రెండవ కోర్సేర్ సుమారు 240 అడుగుల పొడవుండి, ఆవిరి యంత్రంతో గంటకు 17 నాటికల్ మైళ్లు పోగలిగేది. 1898 ఏప్రిల్‌లో స్పెయిన్‌తో యుద్ధం వచ్చిపడేసరికి, స్పెయిన్ ఏలుబడిలో ఉన్న క్యూబా ద్వీపం తీరం పొడవునా గస్తీ తిరగడానికి అమెరికా నౌకాదళానికి చిన్న ఓడలు చాలలేదు, కొత్తవి కట్టించే వ్యవధీ లేదు. అందుకని షావుకార్ల నౌకలను కొనుక్కున్నారు. ఈ కోర్సేర్‌ను 2,25,000 డాలర్లకు తీసుకుని, డెక్కు మీద చిన్న ఫిరంగులు బిగించి, ‘గ్లోస్టర్’ అని పేరు మార్చారు.

అయితే ఫిరంగి బిగించినంత మాత్రాన షికారు ఓడ యుద్ధనౌక అయిపోదు. పెద్ద యుద్ధనౌకకు పక్కల అంగుళాల మందాన ఉక్కు కవచం ఉంటుంది. దీని పక్కలు మాత్రం నీళ్లు లోపలికి రాకుండా ఆపడానికి చేసిన పల్చటి రేకులే, గుండును ఆపడానికి చేసినవి కావు. దీనికి ఉన్న బలమల్లా వేగమే.

దీని కమాండరు రిచర్డ్ వెయిన్‌రైట్. ఆ ఏడాది ఫిబ్రవరిలో క్యూబాలోని హవానా రేవులో పేలిపోయి 260 మందికి పైగా ప్రాణాలు తీసిన ‘మెయిన్’ అనే అమెరికా యుద్ధనౌకలో ఆయన కెప్టెన్ తరువాతి అధికారిగా ఉండి బతికి బయటపడ్డారు. జులై 3 ఆదివారం ఉదయం క్యూబాలోనే ఉన్న శాంటియాగో రేవులోంచి స్పెయిన్ నౌకలు ఒకదాని వెనుక ఒకటి బయటికి రాసాగాయి. వాటిలో పెద్దవాటిని అమెరికా పెద్ద నౌకలు తరిమాయి. చివరన టార్పెడోలు, అంటే నీటిలోంచి దూసుకుపోయి ఓడను పేల్చే ఆయుధాలు, మోసే డెస్ట్రాయర్లనే చురుకైన చిన్న యుద్ధనౌకలు రెండు వస్తాయని ఊహించి వెయిన్‌రైట్ ఓడను వెంటనే పరుగెత్తించలేదు. మీ అమ్మ వంట చేసేటప్పుడు కుక్కరులో ఆవిరి బిగిసినట్టు బాయిలర్లలో ఆవిరి నిండుగా చేరేదాకా ఆగి, ఫురోర్, ప్లుటోన్ అనే ఆ రెండూ కనబడగానే పూర్తి వేగంతో వాటి మీదికి పోయారు. దూరంనుంచి యుద్ధనౌకలు కూడా వాటిపై గుండ్లు కురిపించాయి కాబట్టి గెలుపు మొత్తం గ్లోస్టర్‌దే అనకూడదు. కానీ దగ్గరికి చొరబడిన ఓడ అదొక్కటే. ప్లుటోన్ రాళ్లకు కొట్టుకుంది, ఫురోర్ మునిగింది. గ్లోస్టర్‌లో ఒక్కరికీ గాయం కాలేదు.

నాకు అంతకన్నా నచ్చేది ఆ తరువాతి ఘట్టం. నిన్నటిదాకా అతిథులను ఒడ్డుకు చేర్చడానికి ఉన్న ఓడలోంచి చిన్న పడవలు దింపి, మంటల్లో ఉన్న శత్రునౌకల దగ్గరికి వెళ్లి మనుషులను ఎక్కించుకున్నారు. కొడుకు సాయంతో ఈది ఒడ్డు చేరిన స్పెయిన్ అడ్మిరల్ సెర్వేరాను సగౌరవంగా గ్లోస్టర్ మీదికే తీసుకొచ్చారు.

అందరికీ ఇంత అదృష్టం పట్టలేదు. మొదటి ప్రపంచయుద్ధంలో ఫ్రాన్సు తీరాన గస్తీ తిరుగుతున్న ‘ఆల్సిడో’ అనే మరో షావుకారు నౌకను 1917 నవంబరు 5న జర్మన్ జలాంతర్గామి టార్పెడోతో కొట్టింది. నిమిషాల్లోనే అది మునిగిపోగా 21 మంది చనిపోయారు. పల్చటి రేకులని ఇందాక ఎందుకు రాశానో ఇప్పుడు మీకు అర్థమవుతుంది.

మోర్గాన్ గారు ఊరుకోక మూడవ కోర్సేర్ కట్టించుకున్నారు. 1917లో దాన్నీ నౌకాదళం తీసుకుంది. తిరిగి వచ్చాక 1930లో సముద్రపు లోతులు కొలిచే సర్వే పనికి వెళ్లి, ‘ఓషనోగ్రాఫర్’ అని పేరు మారి, రెండవ ప్రపంచయుద్ధంలో మళ్లీ నౌకాదళం చేతికే వచ్చింది.

ఇట్లు,
మీ తాతయ్య