ఒకే చెయ్యి, రెండు వేగాలు: యోహాన్ సాంటానా ఛేంజప్ వెనక లెక్క

క్రికెట్ చూసి పెరిగిన కంటికి బేస్‌బాల్‌లో మొదట లోటుగా తోచేది పిచ్ లేకపోవడం. బంతి నేలకు తగలదు. సీమ్ మీద పడి లోపలికి రావడం, అడుగున జారిపోవడం లాంటివేమీ ఉండవు. బ్యాటర్‌ను బోల్తా కొట్టించడానికి పిచర్ చేతిలో ఉన్నవి గాలి, సమయం మాత్రమే. సమయంతో ఆడుకోవడంలో వెనెజులా ఎడమచేతివాటం పిచర్ యోహాన్ సాంటానాకు సాటి వచ్చేవాళ్లు ఈ పాతికేళ్లలో కొద్దిమందే. అతని ఆయుధం ఛేంజప్. మన స్లోయర్ బాల్‌కు అది దగ్గరి చుట్టం.

సాంటానా 1979లో ఆండీస్ కొండల నడుమ, మెరీదా రాష్ట్రంలోని తోవార్‌లో పుట్టాడు. 1995లో హ్యూస్టన్ ఆస్ట్రోస్ జట్టు అతన్ని తీసుకునేనాటికి ఔట్‌ఫీల్డర్, అంటే మైదానం చివర ఫీల్డింగ్ చేసేవాడు. చేతి బలం చూసి పిచర్‌గా మార్చారు. 1999 డిసెంబర్‌లో ‘రూల్ 5 డ్రాఫ్ట్’ జరిగింది. ఏ జట్టయినా తన 40 మంది జాబితాలో చేర్చకుండా కింది స్థాయిలో ఏళ్ల తరబడి ఉంచేసిన ఆటగాణ్ని వేరే జట్టు (అప్పటి రుసుము ప్రకారం) 50,000 డాలర్లు కట్టి ఎగరేసుకుపోయే వేలం లాంటిది అది. షరతు ఒక్కటే: మరుసటి సీజన్ మొత్తం అతన్ని అగ్రస్థాయి పోటీ అయిన మేజర్ లీగ్ జట్టులోనే ఉంచాలి, లేదంటే పాత జట్టుకు సగం ధరకు తిరిగి ఇవ్వజూపాలి. ఆ ఏడు మొదటి వంతు మిన్నెసోటా ట్విన్స్‌ది, రెండోది ఫ్లోరిడా మార్లిన్స్‌ది. రెండు జట్లూ ముందే మాట్లాడుకున్నాయి. ట్విన్స్ జారెడ్ క్యాంప్‌ను, మార్లిన్స్ సాంటానాను తీసుకుని ఇద్దరినీ మార్చుకున్నాయి. పైగా రుసుము 50,000 డాలర్లు మార్లిన్సే ఇచ్చింది. బేస్‌బాల్ చరిత్రలో ఇంత చవక బేరాలు అరుదు.

షరతు వల్ల 21 ఏళ్ల కుర్రాడు ఇంకా పండకముందే 2000లో మేజర్ లీగ్‌లో పడ్డాడు. ఆ ఏడు అతని సగటు 6.49, అంటే తొమ్మిది ఇన్నింగ్స్‌కు ఆరున్నర పరుగులు ఇచ్చాడన్నమాట. కుదురుకున్న పిచర్‌కు అది చాలా ఎక్కువ.

మలుపు 2002లో వచ్చింది. ట్విన్స్ అతన్ని కింది స్థాయి జట్టుకు, కెనడాలోని ఎడ్మంటన్‌కు పంపింది. అక్కడి పిచింగ్ కోచ్ బాబీ క్వెయార్ పెట్టిన నియమం చాలా సాదా: ఎదుట నిలిచిన ప్రతి బ్యాటర్‌కూ కనీసం ఒక ఛేంజప్ వెయ్యాలి. స్కోరు ఎంతైనా, ఎవరు ఆడుతున్నా సరే. ఆ బంతిని భయం లేకుండా వేయడం రావాలంటే, దెబ్బ తగిలితే పెద్దగా నష్టం లేని చోటే అలవాటు కావాలి. పది పదకొండు మ్యాచ్‌ల తర్వాత తిరిగొచ్చింది వేరే పిచర్.

సాంటానా వేసేది సర్కిల్ ఛేంజప్. బొటనవేలు, చూపుడువేలు కలిపి బంతి పక్కన సున్నా చుడతారు. మిగతా మూడు వేళ్లు బంతి మీద పరుచుకుంటాయి. బంతి వేళ్ల కొసల్లో కాక అరచేతికి దగ్గరగా కూర్చుంటుంది. ఫాస్ట్‌బాల్‌లో చూపుడువేలు, మధ్యవేలు బంతి వెనక నిలిచి చివరి తోపు ఇస్తాయి. ఇక్కడ బలమైన చూపుడువేలును పక్కకు తప్పించాం కాబట్టి చెయ్యి అంతే జోరుగా తిరిగినా ఆ జోరు పూర్తిగా బంతికి అందదు. విడిచే క్షణంలో ముంజేయి లోపలికి తిరిగి, అరచెయ్యి బయటికి చూస్తుంది. దాంతో బంతికి పక్కవాటు స్పిన్ వచ్చి, ఎడమచేతి పిచర్ వేసినప్పుడు కుడిచేతి బ్యాటర్‌కు దూరంగా జరుగుతుంది. మామూలుగా ఎడమచేతి పిచర్ మీద కుడిచేతి బ్యాటర్లదే పైచేయి. సాంటానా విషయంలో ఆ సౌకర్యం వాళ్లకు దక్కలేదు.

ఇందులో తప్పులు జరిగే చోట్లు స్పష్టం. బంతి నెమ్మదిగా పోవాలి కదా అని చేతిని నెమ్మదిగా తిప్పితే బ్యాటర్‌కు గుట్టు తెలిసిపోతుంది. కొత్తగా నేర్చుకునేవాళ్లలో నూటికి తొంభైమంది చేసేది ఇదే. బంతిని అరచేతిలో మరీ బిగిస్తే మణికట్టు బిగుసుకుని అదుపు తప్పుతుంది. మోకాళ్ల దగ్గర పడాల్సింది నడుము ఎత్తులో పడితే ఇక స్టాండ్స్‌లోనే వెతుక్కోవాలి. సాంటానా కూడా ఇందుకు అతీతుడేం కాదు. 2007లో అమెరికన్ లీగ్ (మేజర్ లీగ్‌లోని రెండు విభాగాల్లో ఒకటి) పిచర్లందరిలోకీ ఎక్కువ హోమ్‌రన్లు, 33, అతనే ఇచ్చాడు.

ఇప్పుడు అసలు లెక్క. పిచర్ నిలబడే దిబ్బ మౌండ్ నుంచి బ్యాటర్ పక్కనుండే హోమ్ ప్లేట్‌కు 18.44 మీటర్లు. పిచర్ ముందుకు అడుగేసి విడుస్తాడు కాబట్టి బంతి ప్రయాణం సుమారు 16.5 మీటర్లు. మంచి రోజుల్లో సాంటానా ఫాస్ట్‌బాల్ గంటకు 150 కిలోమీటర్ల చుట్టుపక్కల ఉండేది, ఛేంజప్ 130 చుట్టుపక్కల. గాలి ఒరిపిడి వల్ల తగ్గే వేగాన్ని కూడా కలుపుకుంటే మొదటిది 0.41 సెకన్లలో, రెండోది 0.48 సెకన్లలో చేరుతుంది. తేడా సుమారు 0.07 సెకను. ఇంతేనా అనిపిస్తుంది. కానీ ఫాస్ట్‌బాల్ అనుకుని బ్యాట్ తిప్పినవాడి బ్యాట్ ప్లేట్ మీదికి వచ్చేసరికి ఛేంజప్ ఇంకా రెండు మీటర్ల అవతలే ఉంటుంది. పైగా ఆ అదనపు సమయంలో గురుత్వాకర్షణ ఊరుకోదు. ఒకే కోణంలో విడిచారనుకుంటే ఛేంజప్ ఇంకో పాతిక సెంటీమీటర్లకు పైగా కిందికి దిగుతుంది. బ్యాట్ లావు ఎంతో తెలుసా? అత్యధికంగా 6.6 సెంటీమీటర్లు.

చూసి ఆగొచ్చు కదా అంటే, ఆగడానికి సమయం లేదు. బ్యాట్ తిప్పడానికే దాదాపు 0.15 సెకను పడుతుంది. అంటే బంతి సగం దారిలో ఉన్నప్పుడే నిర్ణయం తీసుకోవాలి. విడిచిన 0.2 సెకన్లకు రెండు బంతుల మధ్య ఎడం సుమారు ఒక మీటరు. ఎదురుగా, ముఖంలోకి వచ్చే వస్తువు ఆ మీటరు వెనకో ముందో కన్ను చెప్పలేదు. అందుకే బ్యాటర్ చెయ్యి కదిలిన తీరు చూసి ఊహిస్తాడు. సాంటానా రెండు బంతులకూ ఒకే చెయ్యి, ఒకే జోరు చూపించాడు.

ఫలితం లీగ్ అంతా చూసింది. 2004లో అతని ఖాతాలో 20 గెలుపులు, 6 ఓటములు, 2.61 సగటు, 265 స్ట్రైకౌట్లు (మూడు స్ట్రైకులతో బ్యాటర్‌ను ఔట్ చేయడం). ఆ సీజన్ రెండో సగంలో 13 గెలిచి ఒక్కటీ ఓడలేదు. ఓటేసినవాళ్లందరూ మొదటి స్థానం ఇచ్చి, లీగ్‌లో ఏటా ఉత్తమ పిచర్‌కిచ్చే సై యంగ్ అవార్డు కట్టబెట్టారు. వెనెజులా నుంచి ఆ అవార్డు అందుకున్న మొదటివాడు అతనే. 2006లో గెలుపులు, సగటు, స్ట్రైకౌట్లు మూడింటిలోనూ ముందు నిలిచి మళ్లీ ఏకగ్రీవంగా అందుకున్నాడు. 2007 ఆగస్టులో టెక్సస్ మీద ఎనిమిది ఇన్నింగ్స్‌లో 17 మందిని స్ట్రైకౌట్ చేశాడు. 2008లో న్యూయార్క్ మెట్స్ అతనికి ఆరేళ్లకు 13.75 కోట్ల డాలర్లు రాసిచ్చింది. అప్పటికి ఏ పిచర్‌కూ అంత ఇవ్వలేదు.

దెబ్బలు వరస కట్టింది అక్కణ్నుంచే. 2008లో మోకాలి మెనిస్కస్ (ఎముకల మధ్య మెత్తలా ఉండే మృదులాస్థి) చిరిగినా, మూడు రోజుల విశ్రాంతితోనే దిగి పరుగివ్వకుండా మ్యాచ్ మొత్తం వేశాడు. తర్వాత ఆపరేషన్. 2009లో మోచేతిలో ఎముక ముక్కలు తీయించుకున్నాడు. 2010 సెప్టెంబర్‌లో భుజం.

భుజం సంగతి కాస్త వివరంగా చెప్పుకోవాలి. చేతి ఎముక గుండు కూర్చునే పళ్లెం చాలా లోతు తక్కువది. దాన్ని పట్టి ఉంచేది చుట్టూ ఉండే కండరాలు, వాటికి లోపల సంచిలా చుట్టుకున్న క్యాప్సూల్. పిచర్ చెయ్యి వెనక్కి వాలినప్పుడు ఆ సంచి ముందు భాగం తాడులా సాగుతుంది. అక్కణ్నుంచి చెయ్యి సెకనుకు దాదాపు 7,000 డిగ్రీల వేగంతో ముందుకు తిరుగుతుంది. మనిషి శరీరం చేసే కదలికల్లో ఇంతకన్నా వేగమైనది దొరకడం కష్టం. ఈ పని సీజన్‌కు మూడువేల సార్లు పైగా. ఛేంజప్ ఒక్కో బంతికి భుజం మీద పెట్టే భారం ఫాస్ట్‌బాల్ కంటే కొంచెం తక్కువే. కానీ వెనకాల నిజమైన ఫాస్ట్‌బాల్ ఉంటేనే ఆ బంతికి విలువ. మోసానికి పెట్టుబడి వేగమే, వేగానికి పెట్టుబడి ఆ సంచి.

సాంటానాకు చిరిగింది క్యాప్సూల్ ముందు భాగమే. ఇలాంటి చిరుగును ఎముకకు తిరిగి కుట్టేటప్పుడు సర్జన్‌కు ఇరుకు దారి. బిగువుగా కుడితే చెయ్యి మునుపటంత వెనక్కి వాలదు, వేగం పోతుంది. వదులుగా కుడితే మళ్లీ చిరుగుతుంది. 2011 సీజన్ మొత్తం పోయింది. 2012 ఏప్రిల్‌లో తిరిగొచ్చేసరికి ఫాస్ట్‌బాల్ గంటకు 142 కిలోమీటర్ల దగ్గర ఆగింది.

అయినా 2012 జూన్ 1న సెయింట్ లూయిస్ కార్డినల్స్ మీద ఒక్క హిట్ కూడా ఇవ్వకుండా మ్యాచ్ ముగించాడు. మెట్స్ ఆడిన 8,020 మ్యాచ్‌లలో అదే మొదటి నో-హిట్టర్. ఆరో ఇన్నింగ్స్‌లో కార్లోస్ బెల్ట్రాన్ కొట్టిన బంతి సున్నపు గీతను తాకినా (తాకితే అది హద్దులోపలి బంతే) అంపైర్ ఫౌల్, అంటే హద్దు బయటిది అన్నాడన్నది వేరే కథ. అలాంటి బంతులకు రీప్లే అప్పట్లో లేదు. చివరి బ్యాటర్ డేవిడ్ ఫ్రీస్‌ను ఔట్ చేసింది మళ్లీ ఛేంజపే. ఆ రాత్రి వేసిన బంతులు 134. జట్టును నడిపే మేనేజర్ టెర్రీ కాలిన్స్ ముందుగా అనుకున్న హద్దు 115 లోపే.

ఆ తర్వాతి పది మ్యాచ్‌లలో సగటు 8.27. అందుకే ఆ 134 బంతులే కొంప ముంచాయని అందరూ అంటారు. అంత సూటిగా చెప్పడానికి వీల్లేదు. జూన్ 30న లాస్ ఏంజలెస్ మీద ఎనిమిది ఇన్నింగ్స్ పరుగివ్వకుండా వేశాడు. జూలైలో చీలమండ బెణికింది, ఆగస్టులో నడుము పట్టేసింది. కాలు సరిగా ఆననప్పుడు ఆ లోటు భుజమే పూడ్చాలి. ఒకసారి కుట్టిన క్యాప్సూల్‌కు ఇవన్నీ కలిసి ఏం చేశాయో విడదీసి చూపడం ఎవరి తరమూ కాదు. 134 అనే అంకె మాత్రం గుర్తుంచుకోవడానికి తేలిక.

2013 ఏప్రిల్‌లో అదే చోట రెండో ఆపరేషన్. 2014లో బాల్టిమోర్‌తో ప్రయత్నిస్తే మడమ వెనకుండే అకిలీస్ స్నాయువు తెగింది. 2015లో టొరంటోతో ప్రయత్నం కాలివేలి ఇన్‌ఫెక్షన్ దగ్గర ఆగింది. మొత్తం 139 గెలుపులు, 78 ఓటములు, 3.20 సగటు, 1,988 స్ట్రైకౌట్లు. 2018లో హాల్ ఆఫ్ ఫేమ్ (ఆట దిగ్గజాల గౌరవ జాబితా) ఓటింగ్‌లో వచ్చింది 2.4 శాతం. ప్రవేశానికి 75 కావాలి, మరుసటి ఏడు జాబితాలో మిగలడానికైనా 5 కావాలి. రెండు సై యంగ్‌లు ఏకగ్రీవంగా ఇచ్చిన బేస్‌బాల్ రచయితల సంఘమే ఇలా తేల్చింది. వాళ్లు లెక్కపెట్టింది ఏళ్లను. ఆ ఏళ్లలో అతను వేసిన బంతులను లెక్కపెట్టి ఉంటే కనీసం రెండో ఏడైనా పేరు మిగిలేది.