గ్యాస్ బండలో ఎన్ని యూనిట్లు?

బెంగళూరులో మారతహళ్లి, కె.ఆర్. పురం వైపు కాపురముంటున్న తెలుగువారి ఇళ్లలో గ్యాస్ ఖర్చు ప్రస్తావన వస్తే, ‘మాకు బండ నలభై రోజులు వస్తుంది’ అన్న జవాబే తరచుగా వినిపిస్తుంది. ఆ మాట అబద్ధం కాదు గాని, నలభై రోజుల్లో పప్పుకు ఎంత పోయిందో, స్నానాల నీళ్లకు ఎంత పోయిందో దానివల్ల తెలియదు. కరెంటు బిల్లును యూనిట్లలో చదవడం మనకు అలవాటే కనుక, గ్యాస్‌ను కూడా అదే కొలతలోకి తెచ్చుకుంటే లెక్క తేలికవుతుంది.

ఇంటి బండలో 14.2 కిలోల గ్యాస్ ఉంటుంది. కిలో గ్యాస్ పూర్తిగా మండితే సుమారు 46 మెగాజౌళ్లు, అంటే 12.7 యూనిట్ల వేడి పుడుతుంది. ఆ ప్రకారం బండ మొత్తంలో ఉన్నది 180 యూనిట్లు. ధర మారుతూ ఉంటుంది కాబట్టి ప్రస్తుతానికి 900 రూపాయలనుకుందాం. అప్పుడు యూనిట్ వేడి 5 రూపాయలకు, గ్రాము గ్యాస్ 6 పైసల పైచిలుకుకు పడుతుంది. పెద్ద బర్నర్ 2 కిలోవాట్లదైతే గంటకు సుమారు 160 గ్రాములు, అంటే 10 రూపాయల గ్యాస్ తాగుతుంది.

అయితే పుట్టిన వేడంతా గిన్నెలోకి చేరదు. భారతీయ ప్రమాణాల ప్రకారం ఇంటి పొయ్యి సామర్థ్యం కనీసం 68 శాతం ఉండాలి. అది పరీక్షశాలలో, తగిన గిన్నెతో కొలిచే అంకె. చిన్న టీ గిన్నె అంచులు దాటి మంట పైకి ఎగబాకే మన వంటింట్లో 60 శాతం అనుకోవడమే న్యాయం.

బెంగళూరు సముద్రమట్టానికి 900 మీటర్లకు పైగా ఎత్తున ఉన్నందున ఇక్కడ నీళ్లు సుమారు 97 డిగ్రీలకే మరుగుతాయి. 25 డిగ్రీల నీటిని లీటరు మరిగించడానికి 11 గ్రాముల గ్యాస్, అంటే 70 పైసలు చాలు. అసలు ఖర్చు ఆ తరువాత మొదలవుతుంది. మరుగుతున్న నీటి కింద మంట ఎంత పెంచినా వేడిమి 97 దాటదు, అదనపు వేడంతా నీటిని ఆవిరి చేయడానికే పోతుంది. లీటరు నీరు పూర్తిగా ఆవిరైపోవడానికి 80 గ్రాములకు పైగా గ్యాస్, అంటే 5 రూపాయల పైమాట కావాలి. చారు పొంగు వచ్చాక సిమ్‌లో పెట్టమని పెద్దవాళ్లు చెప్పడంలో ఉన్న లెక్క ఇదే. మూత లేని గిన్నెలో పప్పు ఉడకడానికి చెన్నైలో కంటే ఇక్కడ ఎక్కువసేపు పడుతుంది. కుక్కర్‌లో మాత్రం పీడనం వల్ల నీరు దాదాపు 119 డిగ్రీల దాకా వేడెక్కుతుంది కాబట్టి ఊరి ఎత్తు పెద్దగా అడ్డురాదు.

ఇక గ్యాస్ గీజర్. చలికాలంలో 20 డిగ్రీల నీటిని 40 డిగ్రీలకు తేవాలంటే, 80 శాతం సామర్థ్యంతో, 20 లీటర్ల బకెట్‌కు 46 గ్రాములు, అంటే 3 రూపాయల లోపే అవుతుంది. కరెంటు గీజర్‌కు అదే పని అర యూనిట్. యూనిట్ 7 రూపాయలైతే మూడున్నర. బకెట్‌కు వచ్చే తేడా ఇంతే. నిమిషానికి 6 లీటర్లు పోసే షవర్ కింద పది నిమిషాలు నిలబడితే మాత్రం ఏ గీజరైనా మూడు బకెట్ల ఖర్చు. గాలి ఆడని స్నానాలగదిలో గ్యాస్ గీజర్ పెట్టడం కార్బన్ మోనాక్సైడ్ వల్ల ప్రాణాంతకం కనుక, అక్కడ ఈ రూపాయల పోలికకు అర్థమే లేదు.

ఈ అంచనాలు మన ఇంటికి ఎంతవరకు సరిపోతాయో బండను తూచి తెలుసుకోవచ్చు. ఖాళీ బండ బరువు దాని పిడి దగ్గరి పట్టీ మీద ఉంటుంది. తూకంలో అది తీసివేస్తే మిగిలిన గ్యాస్ తేలుతుంది. గొట్టం లాగితే తూకం తప్పుతుంది కాబట్టి పొయ్యి ఆర్పి, రెగ్యులేటర్ తీసి తూచాలి. మామూలు తూకం యంత్రం వంద గ్రాముల తేడానే చూపుతుంది, అందువల్ల పూటపూటకు కాక వారానికోసారి తూచడం మేలు. పైపు గ్యాస్ ఉన్న అపార్ట్‌మెంట్లలో ఈ శ్రమ లేదు, మీటరు చూస్తే చాలు: ఘనపు మీటరులో దాదాపు 10 యూనిట్ల వేడి ఉంటుంది కనుక, 18 ఘనపు మీటర్లు ఒక బండతో సమానం.