'ఆ రోజులు అలాంటివి' అనేముందు ఒక పాత ఉత్తరం

పాత టీవీ షోలను తీసేయాలా, ముందొక హెచ్చరిక వేసి ఉంచేయాలా అన్న రగడ మళ్లీ మొదలైంది. వెనకేసుకొచ్చేవాళ్లది ఎప్పుడూ ఒకటే మాట: ఆ రోజులు అలాంటివి, అప్పుడెవరికీ తప్పనిపించలేదు. నిజంగా ఎవరికీ అనిపించలేదా? బీబీసీ సొంత ఫైళ్లే కాదంటున్నాయి.

'ద బ్లాక్ అండ్ వైట్ మిన్‌స్ట్రెల్ షో' బీబీసీ టీవీలో వచ్చిన ఆటపాటల కార్యక్రమం. తెల్ల గాయకులు మొహం నిండా నల్లరంగు పూసుకుని, కళ్ల చుట్టూ, నోటి చుట్టూ తెల్లగా దిద్దుకుని పాడేవాళ్లు. పక్కన ఆడే అమ్మాయిలకు మాత్రం ఆ రంగు ఉండేది కాదు. 1961లో అంతర్జాతీయ బహుమతి కూడా కొట్టుకొచ్చింది.

ఆ మరుసటి ఏడాదే బీబీసీ చీఫ్ అకౌంటెంట్ బ్యారీ థార్న్ ఇది తప్పని పైవాళ్లకు రాశాడు. పద్దులు చూసుకునే మనిషికి కనబడింది! 1967లో జాతి వివక్షపై పోరాడే 'కార్డ్' సంస్థ షో ఆపమని అర్జీ ఇచ్చింది. థార్న్ మళ్లీ రాశాడు. అసలు కథంతా ఆ ఏడాది బీబీసీ అధిపతి అయిన డైరెక్టర్ జనరల్‌కు ముఖ్య సహాయకుడు ఆలివర్ విట్లీ రాసిన జవాబులోనే ఉంది. నల్లవాళ్లకు వాళ్ల మేలు కోరేవాళ్లు చెప్పాల్సిందేమిటంటే: మీరనేది మాకు అర్థమైంది, కానీ మీ మంచికే చెబుతున్నాం, నోరు మూసుకోండి, ఇంత చిన్నదానిమీద తూటాలు వృథా చేసుకోకండి. ఇదీ దాని సారాంశం. 'అర్థమైంది' అట. అంటే తెలియక చేసింది కాదు.

జనం కోట్లలో చూశారన్నదీ నిజమే. 1969లో రంగు కడిగేసుకుని అదే బృందం వేరే షో చేస్తే నిలబడలేదు. నల్లరంగు తిరిగొచ్చి 1978 దాకా నడిచింది.

మనవాళ్ల సంగతికొస్తే, 'ద సింప్సన్స్' అనే అమెరికన్ కార్టూన్ షోలో కిరాణా కొట్టు నడిపే భారతీయుడు అపు ఉన్నాడు. అతని యాస పలికింది హాంక్ అజారియా అనే తెల్ల నటుడు. దానిమీద 2017లో డాక్యుమెంటరీ చేసింది తెలుగింటి అబ్బాయి, అమెరికన్ కమెడియన్ హరి కొండబోలు. 2018లో షో జవాబిచ్చింది. ఒకప్పుడు చప్పట్లు కొట్టించుకున్నది ఇప్పుడు తప్పయిపోయింది, ఏం చేస్తాం అని ఆ షోలోని లీసా అనే అమ్మాయి పాత్ర చేత అనిపించారు. మంచం పక్కన ఫ్రేములో అపు ఫొటో, దానిమీద 'ఊరికే గొడవ చేయకు' అన్న అర్థమొచ్చే రాత. విట్లీ ఉత్తరానికి అప్పటికి 51 ఏళ్లు.

అజారియా 2020లో ఆ పాత్ర వదిలేశాడు. మరుసటి ఏడాది క్షమాపణ చెప్పాడు.