టకటక చప్పుడు వస్తే షాకబ్జార్బర్లు పోయినట్టేనా? లింక్ రాడ్డు మీద అపోహలు - వాస్తవాలు

మొన్న ఆదివారం భోజనానికి కూర్చున్నానో లేదో ఫోను మోగింది.

"అన్నా, స్విఫ్ట్‌కి ముందు షాకబ్జార్బర్లు రెండూ మార్చాలంట. ఎంతవుతుంది?"

"ఎవరన్నారు?"

"టకటకమని చప్పుడొస్తోందన్నా. ఇక్కడ షెడ్డులో చూపిస్తే షాకబ్జార్బర్లు వీకైపోయాయన్నారు."

"స్పీడ్ బ్రేకర్ ఎక్కి దిగేటప్పుడు వస్తోందా? గతుకుల్లో నెమ్మదిగా పోయేటప్పుడా?"

కాసేపు ఆలోచించాడు. "బ్రేకర్ మీద అంతగా రాదన్నా. మా సందులోకి తిరిగాక, పైపులైను కోసం తవ్వి పూడ్చిన చోట మాత్రం..."

నాకింక వేరే ఏం అడగక్కర్లేదు. పప్పన్నం కలుపుకుంటూనే చెప్పాను, షాకబ్జార్బర్లకి అడ్వాన్సు ఇవ్వొద్దు, ముందు లింక్ రాడ్లు చూడమని.

విజయవాడ ఆటోనగర్‌లో సస్పెన్షన్ పని మొదలుపెట్టి ఇరవై రెండేళ్లయింది. ఊరు మారుతుంది, కారు మారుతుంది, ఈ ఫోను మాత్రం మారదు. రెండు వేలలోపు తేలిపోయే పనికి జనం పది వేలు పెట్టి, అయినా చప్పుడు పోక మళ్లీ నా దగ్గరకొస్తున్నారు. అందుకే రాస్తున్నా.

అపోహ: కారు ముందు భాగంలో చప్పుడొస్తే షాకబ్జార్బర్లు పోయినట్టే

కాదు. లింక్ రాడ్ తగిలించి ఉండేది స్టెబిలైజర్ బార్‌కి. ముందు ఆ బార్ ఏం చేస్తుందో చూడండి. మలుపులో కారు ఒక పక్కకి ఒరిగితే ఆ పక్క చక్రం పైకి నొక్కుకుంటుంది, రెండో పక్కది కిందికి జారుతుంది. రెండు చక్రాల మధ్యలో అడ్డంగా ఉన్న ఈ బార్ మెలి తిరిగి ఆ ఒరుగుడుని ఆపుతుంది. బార్ కొసనీ చక్రం వైపు భాగాన్నీ కలిపే జానెడు కడ్డీయే లింక్ రాడ్. దాని రెండు చివరలా చిన్న బాల్ జాయింట్లు, వాటి మీద రబ్బరు బూట్లు. బూటు చిరిగిందంటే నీళ్లూ దుమ్మూ లోపలికి పోతాయి, గ్రీజు బయటికి పోతుంది, జాయింటులోని గుండు దాని గూట్లో అరిగి వదులవుతుంది.

ఇప్పుడు ఫోనులో నేనడిగిన ప్రశ్న చూడండి. రోడ్డుకి అడ్డంగా నిండా ఉన్న బ్రేకర్ మీద రెండు చక్రాలూ ఒకేసారి లేస్తాయి. అప్పుడు బార్ తనని పట్టి ఉంచే రబ్బరు బుష్‌లలో ఊరికే తిరుగుతుంది, లింక్ మీద పెద్దగా బలం పడదు. అదే ఎడమ చక్రం గుంతలో, కుడి చక్రం గట్టు మీద ఉంటే బలమంతా లింక్ లోంచే పోతుంది. వదులైన గుండు గూట్లో అటు కొట్టుకుంటుంది, ఇటు కొట్టుకుంటుంది. అదే ఆ టకటక. పదిహేను, ఇరవై, ముప్ఫై స్పీడులో పొడిగా వినపడుతుంది. ఎనభైలో వెళ్తే టైర్ల హోరులో కలిసిపోతుంది కాబట్టి, "హైవే మీద బానే ఉందండీ" అంటారు.

షాకబ్జార్బర్ పోతే కథ వేరు. బ్రేకర్ దిగాక కారు ఉయ్యాలలా రెండు మూడు సార్లు ఊగుతుంది. షాకబ్జార్బర్ ఒంటి మీద నూనె కారి, దాని మీద మట్టి పేరుకుని నల్లగా ముద్దలా కనపడుతుంది. టైరు మీద చెయ్యి వేసి తిప్పితే ఎత్తుపల్లాలు తగులుతాయి. ఇవేవీ లేకుండా వట్టి చప్పుడు విని షాకబ్జార్బర్ రాసిచ్చేస్తే ఒప్పుకోకండి. కాస్త చెమర్చినట్టు కనపడినంత మాత్రాన అది పోయిందని కూడా కాదు.

మరి అనుభవమున్న మెకానిక్కులు కూడా ఎందుకు పొరపడతారు? అందరూ మోసగాళ్లని నేననను. చూసే పద్ధతిలోనే ఒక తిరకాసుంది. కారుకి ఒక పక్కే జాకీ పెడతారు. ఆ చక్రం గాల్లో వేలాడుతుంది, రెండోది బరువు మోస్తూ నేల మీదే ఉంటుంది. అంటే బార్ అప్పటికే మెలి తిరిగి రెండు లింకుల్నీ బిగబట్టి ఉంది. అరిగిన జాయింటు కూడా ఆ బిగువులో రాయిలా కూర్చుంటుంది. చేత్తో పట్టి ఊపి, "లింకులు టైటుగానే ఉన్నాయి సార్, షాకబ్జార్బరే" అంటారు. అబద్ధం ఆడలేదు, జాకీ అబద్ధం ఆడింది.

నేనూ ఈ తప్పు చేశాను. మేస్త్రీనైన కొత్తలో ఒక లెక్చరర్ గారు తెల్ల కారు తెచ్చారు. ఒక పక్క ఎత్తాను, లింక్ ఊపాను, బిగువుగా ఉంది. ముందు షాకబ్జార్బర్లు రెండూ మార్చేశాను. సాయంత్రం ఆయన్ని పక్కన కూర్చోబెట్టుకుని ట్రయల్‌కి వెళ్తే, గేటు దాటగానే అదే టకటక. ఆయన నన్నొక్క మాట అనలేదు. అద్దం దించి, చెవి బయటికి పెట్టి విని, "ఇది పాత చప్పుడేనంటావా, కొత్తదా?" అన్నారు. తిట్టినా బాగుండేది. రాత్రి పిట్ మీద, నాలుగు చక్రాలూ నేల మీదే ఉండగా కిందికి దిగి లింక్ పట్టుకున్నాను. కుర్రాణ్ణి కారు పక్కకి ఊపమంటే, వేళ్ల కింద గుండు కొట్టుకోవడం తెలిసింది, నాడి దొరికినట్టు. షాకబ్జార్బర్ల డబ్బు వెనక్కి ఇచ్చి, తీసిన పాతవే మళ్లీ ఎక్కించాను. ఆ నెల ఇంట్లో చాలా పొదుపుగా నడిచింది.

మీ ఇంటి ముందు మీరే చూడొచ్చు. చదునైన నేల మీద కారు ఆపి, స్టీరింగ్ ఒక పక్కకి పూర్తిగా తిప్పి, ఇంజన్ కట్టేసి, హ్యాండ్ బ్రేక్ వేయండి. చాలా కార్లలో చక్రం వెనక నుంచి చెయ్యి దూరుతుంది. జాకీ అక్కర్లేదు, పెట్టొద్దు కూడా. లింక్‌ని గట్టిగా పట్టి అటూ ఇటూ కుదపండి. టక్కుమంటే దొరికినట్టే. బూటు చిరిగి చుట్టూ తుప్పు నీళ్ల మరక ఉంటే ఇంకో సాక్ష్యం.

అయినా అనుమానం తీరకపోతే పైసా ఖర్చు లేని పరీక్ష ఒకటుంది. రెండు లింకులూ విప్పేసి, బార్ కొసలు యాక్సిల్‌కీ బ్రేక్ పైపుకీ తగలకుండా తీగతో కట్టి, మీ వీధిలోనే ఇరవై స్పీడులో ఒక చుట్టు తిరగండి. చప్పుడు మాయమైతే దొంగ దొరికాడు. అలాగే ఉంటే లింకులు మళ్లీ బిగించేసి వేరే చోట వెతకండి. బ్రేక్ కొట్టినప్పుడు దడ్ మంటే, చక్రాన్ని కింద నుంచి పట్టే లోయర్ ఆర్మ్ బుష్ చూడాలి. కారు ఆగి ఉండగా స్టీరింగ్ తిప్పితే టంగుమంటే షాకబ్జార్బర్ పైన ఉండే మౌంటింగు చూడాలి. షాకబ్జార్బర్ల వంతు ఆ తరవాత.

అపోహ: లింక్ విరిగితే చక్రం ఊడిపోతుంది

దీని మీద వాట్సాప్‌లో తిరిగే మెసేజ్‌లు చూస్తే ఒళ్లు మండుతుంది. రాసినవాడు ఏనాడూ కారు కింద దూరి ఉండడు. చక్రాన్ని పట్టి ఉంచేది లోయర్ ఆర్మ్, దాని బాల్ జాయింటు, స్ట్రట్ (షాకబ్జార్బరూ స్ప్రింగూ కలిసిన కాలు). లింక్ విరిగితే మలుపుల్లో కారు ఎక్కువగా ఒరుగుతుంది, అంతే.

పోయిన వానాకాలం ఒకావిడ సూర్యాపేట దాటాక హైవే పక్కన కారు ఆపేసి ఫోన్ చేశారు. వెనక సీట్లో పిల్లలు, చీకటి పడుతోంది, పెద్ద శబ్దమైంది, ఆ మెసేజ్ గుర్తొచ్చి వణికిపోతున్నారు. అమ్మా, ముందు రోడ్డు అంచుకి దూరంగా నిలబడి, టార్చి వేసి ఒక ఫొటో పంపండి అన్నాను. చక్రం నిటారుగానే ఉంది, లింక్ పైకొస ఊడి వేలాడుతోంది. కారు కదలకుండా ఉండగానే, అది టైరుకీ బ్రేక్ పైపుకీ తగలకుండా వాళ్లాయన చేత గట్టిగా కట్టించి, యాభై దాటకుండా, మలుపుల్లో ఇంకా తగ్గించి రమ్మన్నాను. వచ్చేశారు. భయపడ్డందుకు ఆవిణ్ణి తప్పుపట్టను. చక్రం గనక పక్కకి వాలి ఉన్నా, స్టీరింగ్ పట్టు తప్పినట్టున్నా అది బాల్ జాయింటు పని. అప్పుడు ఒక్క అడుగు కూడా కదపకుండా టోయింగ్ బండి పిలవాల్సిందే. అలాగని విరిగిన లింక్‌తో నెలల తరబడి తిరగమనీ కాదు.

అపోహ: ఇది ఇంట్లో అయ్యే పని కాదు / ఇది స్టెప్నీ మార్చినంత సుళువు

రెండూ తప్పే. లింక్‌కి రెండు నట్లు, మొత్తం నాలుగు. స్ప్రింగ్ విప్పే గండం లేదు. కానీ డిక్కీలో ఉండే జాకీ చక్రం మార్చడానికే, దాని మీద నిలిపిన కారు కింద చెయ్యి పెట్టడానికి కాదు. కారు బరువు మోసే జాకీ స్టాండ్లు రెండు కొనండి, వెనక చక్రాలకి అడ్డం పెట్టండి, విప్పిన చక్రాన్ని కారు అంచు కింద పడుకోబెట్టండి. ఇటుకల మీద కారు నిలబెట్టి ఫొటో పంపినవాళ్లకి నేను సలహా చెప్పను, ఫోను పెట్టేస్తాను.

ముందు పక్క రెండు వైపులా ఎత్తి రెండు స్టాండ్ల మీద పెట్టడంలో ఇంకో లాభం ఉంది. రెండు చక్రాలూ సమానంగా వేలాడతాయి కాబట్టి బార్‌లో బిగువు ఉండదు, లింక్ చేత్తోనే ఊడి వస్తుంది, కొత్తది చేత్తోనే కూర్చుంటుంది. ఒక పక్కే ఎత్తినవాళ్లు బోల్టు రంధ్రంలో దూరక సుత్తి తీస్తారు. సుత్తి దాకా వచ్చిందంటే ఎత్తడంలోనే తేడా ఉందన్నమాట.

నట్టు విప్పడమే అసలు కుస్తీ. తిప్పుతుంటే లోపలి గుండు కూడా దాంతో పాటే తిరుగుతుంది. బోల్టు కొసలో అలెన్ కీ (ఆరు పలకల వంపు కడ్డీ) పట్టే గంటు ఉంటుంది, చాలావాటికి 5 లేదా 6 మి.మీ. సైజు. కీ అందులో నిలిపి, నట్టుని రింగ్ స్పానర్‌తో తిప్పాలి. ముందురోజు రాత్రే మరలని వైర్ బ్రష్‌తో రుద్ది, తుప్పు వదిలించే ఆయిల్ కొట్టి ఉంచండి. గంటులో మట్టి ఉంటే సూదితో గీకి తీయండి. ఈ ఒక్క పని మానేసి గంటు గుండ్రం చేసుకున్నవాళ్లే ఎక్కువ. అలా అయిపోతే బూటు కోసి, వెనక గుండు మెడని గ్రిప్ ప్లయర్‌తో పట్టండి, ఎలాగూ పారేసేదే. అదీ కాకపోతే ఆక్సా బ్లేడు ఉంది, బ్రేక్ పైపు ఎటుందో చూసుకుని.

మిగతావి గబగబా

లింక్ మార్చాక అలైన్‌మెంట్ తప్పనిసరి అంటారు. అక్కర్లేదు. లింక్ చక్రం కోణాన్ని పట్టి ఉంచదు. పాత మారుతి 800 వేరు. దానికి అసలు లింక్ రాడ్డే లేదు, బార్ కొస నేరుగా లోయర్ ఆర్మ్‌లో బిగుస్తుంది, ఆర్మ్‌ని ముందుకీ వెనక్కీ కదలకుండా పట్టేది కూడా అదే. అక్కడ బార్ కదిపితే అలైన్‌మెంట్ చూడాలి.

బూటులోకి గ్రీజు ఎక్కిస్తే సరిపోతుందంటారు. వారం పది రోజులు నోరు మూసుకుంటుంది. అరిగిన ఇనుము గ్రీజుతో పెరగదు.

ఒక పక్కే మార్చొచ్చా? మార్చొచ్చు, పాపమేం లేదు. కానీ రెండూ ఒకే రోడ్డు తిన్నాయి, రెండోదీ దాని వెనకే వస్తుంది. ఎలాగూ విప్పాం కాబట్టి నేను జతే వేస్తాను. పాత నట్లు మాత్రం మళ్లీ వాడకండి, డబ్బాలో మామూలుగా కొత్తవి వస్తాయి.

ఎయిర్ గన్‌తో బిగిస్తే గట్టిగా ఉంటుందంటారు. కొత్త గుండు గిర్రున తిరిగి బూటు మెలిపడి మొదటి రోజే చిరుగుతుంది. చేత్తో, అలెన్ కీ నిలిపి, చివర టార్క్ రెంచ్‌తో బిగించాలి. ఎంత టార్కో మీ కారు మాన్యువల్ చెబుతుంది, నన్నడగొద్దు.

ఇక ఆఖరిది, కొత్తది వేసినా చప్పుడు వస్తే డూప్లికేట్ సామాను అంటగట్టినట్టే అనుకోవడం. హైదరాబాద్‌లో మా బావమరిది అపార్ట్‌మెంట్ సెల్లార్‌లో తనే రెండు లింకులూ మార్చుకున్నాడు. రాత్రి పదకొండింటికి వీడియో కాల్. "బావా, షాపువాడు నన్ను ముంచాడు. అదే టకటక."

"అలెన్ కీ పెట్టి బిగించావా?"

"కింద రెండిటికీ పెట్టాను. పైవాటికి అవసరం పడలేదు, స్పానర్‌తోనే టైటయిపోయాయి."

టైటవ్వలేదు. నట్టు లోపలుండే నైలాను రింగు మరని బిగపట్టేసరికి నట్టూ గుండూ కలిసి తిరగడం మొదలుపెట్టాయి, వాడికది బిగువులా అనిపించింది. అలెన్ కీ పట్టించి మళ్లీ తిప్పిస్తే ఒక పక్క ఒక చుట్టూ, రెండో పక్క ఒకటిన్నర చుట్టూ బిగిసింది. వదులు నట్టు చప్పుడుకీ అరిగిన గుండు చప్పుడుకీ చెవికి తేడా తెలియదు. చక్రాలెక్కించి, కారు దించి, ఫోను సీటు మీద పడేసి సెల్లార్ ర్యాంపు ఏటవాలుగా ఎక్కించమన్నాను. ఇద్దరం ఊపిరి బిగబట్టి విన్నాం. ఎక్కాడు, దిగాడు, మళ్లీ ఎక్కాడు. ఏమీ లేదు.

కాసేపాగి వాడే అన్నాడు, "బావా, డ్యాష్‌బోర్డులో ఏదో కిర్రుమంటోంది. ఇదెప్పటినుంచి?"

"ముందు నుంచీ ఉండుంటుంది. పడుకో."