తూర్పు జర్మనీ కామిక్స్: నేను రోజూ వినే అపోహలు

బొమ్మల కథల్లో మాటలు రాయడం నా పని. పాత్ర నోటి దగ్గర బుడగ గీసి అందులో డైలాగు సర్దుతాను. తూర్పు జర్మనీ పత్రిక 'మొజాయిక్' మాటెత్తితే చాలు, అందరూ ఒకే పాట పాడతారు.

అపోహ: సోషలిస్టు దేశంలో కామిక్సా? నిషేధం కదా!

విశాలాంధ్రలో కొన్న రష్యన్ పిల్లల పుస్తకాలే చూసి పెరిగాం కాబట్టి మనకలా అనిపిస్తుంది. తూర్పు జర్మనీ ప్రభుత్వానికి పడనివి పశ్చిమ దేశాల కామిక్స్. 1961లో బెర్లిన్ గోడ కట్టేదాకా తూర్పు బెర్లిన్ పిల్లలు పశ్చిమ బెర్లిన్ వెళ్లి మిక్కీ మౌస్ తెచ్చుకునేవాళ్లు. దానికి పోటీగా తమదంటూ ఒకటి కావాలని ప్రభుత్వం చూస్తుండగానే హానెస్ హెగెన్ అనే కార్టూనిస్టు తన బొమ్మలు పట్టుకుని ప్రచురణకర్తల దగ్గరికి వెళ్లాడు. 1955 డిసెంబరులో మొదటి సంచిక వచ్చింది. 'కామిక్స్' అంటే అమెరికా వాసన కాబట్టి బొమ్మల పత్రిక అన్నారు, అంతే.

అపోహ: అంతా పార్టీ ప్రచారమే

'ఆట్సె' అనే ఇంకో పత్రికలో ఆ ప్రచారం దండిగానే ఉండేది (ఫిక్స్, ఫాక్స్ అనే ఎలుకల అల్లరి కూడా అందులోదే). మొజాయిక్‌లో మాత్రం డిగ్, డాగ్, డిగెడాగ్ అనే ముగ్గురు బుడతలు (ముగ్గురినీ కలిపి డిగెడాగ్‌లు అంటారు) ప్రాచీన రోమ్ నుంచి మిసిసిపీ దాకా తిరిగారు. అంతరిక్షం కథలో రెండు కూటముల గొడవ పెట్టి కోల్డ్ వార్‌ని దూర్చారు, అది కాదనను.

నన్ను కట్టిపడేసేది బుడగల సంగతి. మొదట్లో మాటలు బుడగల్లోనే ఉండేవి, తర్వాత అవి పోయి మాటలన్నీ బొమ్మ కింద పేరాలుగా దిగాయి. నా కడుపు కొట్టే పనే అయినా ఒప్పుకోవాలి, బుడగకి చోటు వదలక్కర్లేదు కాబట్టి ఆ బొమ్మల్లో మూలమూలనా ఏదో ఒక తమాషా దొరుకుతుంది, కన్ను కిందికి దిగి చదివి మళ్లీ పైకెళ్లి వెతుకుతుంది.

అపోహ: డిగెడాగ్‌లని సెన్సారు చంపేసింది

కాదండీ, డెడ్‌లైన్! 1957 నుంచి నెలనెలా వచ్చేది, ప్రతులు 6 లక్షలు దాటినా దుకాణంలో దొరక్క కౌంటర్ కింద దాచి తెలిసినవాళ్లకే ఇచ్చేవాళ్లు. సంచికలు తగ్గిద్దామని హెగెన్ అడిగాడు, సంస్థ ఒప్పుకోలేదు. 223 సంచికల తర్వాత, 1975లో ఆ కథ ఆగింది, పాత్రల హక్కులు ఆయనవే కాబట్టి వేరేవాళ్లు గీయడానికి లేదు. దాంతో ఆయన టీమే, కథకి లోటార్ డ్రేగర్, బొమ్మలకి లోనా రీచెల్, 1976 జనవరికల్లా ఆబ్రాఫాక్సె అని కొత్త ముగ్గురిని దింపింది. వాళ్లు ఇప్పటికీ నెలనెలా వస్తున్నారు. ఆ తగాదాలో నేను హెగెన్ వైపే, నెలకో సంచిక అంటే ఎంత టెన్షనో గీసేవాళ్లని అడగండి.