బేబ్ రూత్‌ను ఊరేగించింది ఎవరు?

చిరంజీవులు మీనాకు, కార్తీక్‌కు తాతయ్య ఆశీస్సులు.

మీనా, నీ ప్రశ్న అందింది. "బేబ్ రూత్ 1948లోనే చనిపోయాడట. మా క్లాసులో ఎవరూ అతణ్ణి చూడలేదు, వాళ్ళ నాన్నలూ చూడలేదు. అయినా అందరికీ అతని పేరు తెలుసు. ఎలా తాతయ్యా?" అని అడిగావు. బాగా ఆడాడు కాబట్టి అని ఒక్క ముక్కలో చెప్పి తప్పించుకోవచ్చు. కానీ బేస్‌బాల్ బాగా ఆడినవాళ్ళు అమెరికాలో చాలామంది ఉన్నారు. వాళ్ళలో ఎందరి పేర్లు మీ క్లాసుకు తెలుసు?

మన గుడిలో దేవుడు రెండు రూపాల్లో ఉంటాడు. గర్భగుడిలో ఉండేది మూలవిరాట్టు, నల్లరాతి విగ్రహం. ఆయన కదలడు. చూడాలంటే మనమే వెళ్ళి, ఆ మసకచీకట్లో కళ్ళు చిట్లించుకుని చూడాలి. రెండోది ఉత్సవమూర్తి. పంచలోహాలతో చేసిన చిన్న విగ్రహం. పండగ రోజున ఊళ్ళోకి వచ్చేది, మంచం దిగలేని ముసలివాళ్ళ గుమ్మం ముందు కూడా కాసేపు ఆగేది ఆయనే. బేబ్ రూత్‌లు కూడా ఇద్దరు. మైదానంలో బ్యాటు పట్టుకున్నవాడు ఒకడు, పత్రికల్లో ఊరేగినవాడు ఒకడు. మీ క్లాసు దాకా వచ్చింది రెండోవాడు. "ఆటగాణ్ణి దేవుడితో పోలుస్తారా" అని మీ అమ్మమ్మ పక్కనుంచి కోప్పడుతోంది. పోలికే కదా, నడవనీ అన్నాను.

ముందు మూలవిరాట్టు సంగతి. అసలు పేరు జార్జ్ హెర్మన్ రూత్. 1895లో బాల్టిమోర్‌లో పుట్టాడు. తండ్రికి మద్యం దుకాణం. పిల్లవాడు వీధులు పట్టి తిరుగుతూ ఎవరి మాటా వినకపోయేసరికి ఏడేళ్ళ వయసులో సెయింట్ మేరీస్ అనే బడిలో వేశారు. అక్కడే ఉండాలి, అక్కడే చదువుకోవాలి, ఏదో ఒక చేతిపని నేర్చుకోవాలి. రూత్‌కు చొక్కాలు కుట్టడం నేర్పారు. బ్రదర్ మథియాస్ అనే క్రైస్తవ సన్యాసి బేస్‌బాల్ నేర్పాడు. 1914లో బోస్టన్ రెడ్ సాక్స్ జట్టులో చేరేనాటికి అతను బంతి విసిరేవాడు, అందులో కూడా మొనగాడే. తరువాత బ్యాటు మీదికి దృష్టి మళ్ళింది. 1919లో 29 హోమ్ రన్లు కొడితే అదే రికార్డు. ఆ డిసెంబరులో లక్ష డాలర్లకు అతణ్ణి న్యూయార్క్ యాంకీస్‌కు అమ్మేశారు. 1920లో అక్కడ 54 కొట్టాడు. ఆ ఏడాది యాంకీస్ ఆడే అమెరికన్ లీగులోని మిగిలిన జట్లలో ఏ ఒక్కటీ, ఆటగాళ్ళందరూ కలిసి కూడా, అన్ని కొట్టలేదు. హోమ్ రన్ అంటే మీకు తెలుసు. ఈ ఉత్తరం ఇక్కడి పిల్లలు కూడా చదువుతారు కాబట్టి రాస్తున్నాను: కొట్టిన బంతి కంచె దాటి జనంలో పడటం.

ఇదంతా నిజం. ఎవరో రాసి పుట్టించింది కాదు. ఈ మాట గట్టిగా పట్టుకోండి, ఎందుకంటే ఇక మీదట నేను చెప్పేదంతా ఊరేగింపు గురించి.

చిన్నప్పుడు మా ఊరి వేణుగోపాలస్వామి ఉత్సవంలో నాకొక ఉద్యోగం ఉండేది. దివిటీ పట్టినవాడి వెనకాల నూనె చెంబుతో నడవడం, మంట తగ్గినప్పుడల్లా కాస్త పోయడం. జనమంతా ఎదురుగా నిలబడి హారతులిస్తుంటే నేను మాత్రం స్వామివారి వీపు వైపు ఉండేవాణ్ణి. అటునుంచి చూస్తే వేరే లోకం. మోసేవాళ్ళు భుజం మీద తుండుగుడ్డ మడిచి పెట్టుకునేవారు. ఒకడు అలిసిపోతే ఇంకొకడు వాహనం ఆగకుండానే కర్ర కిందికి దూరేవాడు. విగ్రహం ఒరిగిపోకుండా నడుముకు కొబ్బరితాడు కట్టి వాహనానికి బిగించేవారు. ఆ ముడి కనబడకుండా బంతిపూల దండలు ఒకదానిమీద ఒకటి వేసేవారు. ముందునుంచి చూసేవాళ్ళకు స్వామి తనంతట తనే గాలిలో తేలి వస్తున్నట్టుండేది. మా నాన్న కూడా అటే నిలబడేవాడు. తాడు సంగతి చెబితే నవ్వి, "నూనె చూసుకో" అన్నాడు.

న్యూయార్క్‌లో ఆ మోసే భుజాలు పత్రికలవి. అప్పట్లో ఆ ఒక్క నగరంలో పదికి పైగా దినపత్రికలు వచ్చేవి. ఉదయంవి కొన్ని, సాయంత్రంవి కొన్ని. అన్నీ అమ్ముడుపోవాలి. 1919లో డైలీ న్యూస్ అనే బొమ్మల పత్రిక పుట్టింది. చిన్న సైజు, పెద్ద ఫొటోలు. రైల్లో నిలబడి చదువుకునేవాళ్ళ కోసం. ఆ పత్రిక మార్షల్ హంట్ అనే విలేకరికి ఒకే పని అప్పగించింది: రూత్ వెంట ఉండటం. ఆట లేని చలికాలంలో కూడా! రూత్ వేటకు వెళితే వేట గురించి, చేపలు పడితే చేపల గురించి, ఏమీ చెయ్యకపోతే ఏమీ చెయ్యకపోవడం గురించి రాయాలి. ఫొటోలకు కూడా ఆ ముఖం కుదిరింది. గుండ్రటి ముఖం, వెడల్పాటి ముక్కు, లావుపాటి ఒంటికింద సన్నటి కాళ్ళు. ఒక్కసారి చూస్తే మరిచిపోలేరు. కెమెరా ముందు ఏం చెయ్యమన్నా చేసేవాడు. 1926లో విమానం నుంచి వదిలిన బంతిని సైనికుడి దుస్తుల్లో నిలబడి పట్టాడు. దానికీ ఆటకూ ఏం సంబంధం? ఏమీ లేదు. ఫొటోకు పనికొచ్చింది.

ఇక పేర్లు. బాంబినో (ఇటాలియన్‌లో పసివాడు), సుల్తాన్ ఆఫ్ స్వాట్ (బాదుడులో సుల్తాను), కొలోసస్ ఆఫ్ క్లౌట్ (దెబ్బల మహాకాయుడు)... విలేకరులు పోటీలు పడి అతనికి అష్టోత్తరం చదివారు. 1923లో కట్టిన యాంకీ స్టేడియానికి "రూత్ కట్టిన ఇల్లు" అని పేరు పెట్టింది కూడా ఒక విలేకరే, ఫ్రెడ్ లీబ్. మీరు మొన్న వేసవిలో చూసింది దాని పక్కనే కట్టిన కొత్తది.

అలంకారం చేసేవాడు కూడా ఒకడుండాలి కదా. అతని పేరు క్రిస్టీ వాల్ష్. 1921లో రూత్‌ను కలుసుకోవాలని అతని ఇంటి చుట్టూ తిరుగుతుంటే, రూత్ బీరు కోసం ఫోన్ చేశాడనీ, దుకాణం కుర్రాడు లేకపోతే తానే ఆ సీసాలు మోసుకుపోయి లోపలికి చేరాననీ వాల్ష్ చెప్పుకున్నాడు. ఆ రోజుల్లో అమెరికాలో మద్యనిషేధం. అది వేరే కథ. రూత్ పేరుతో వ్యాసాలు రాయించి దేశమంతటా పత్రికలకు అమ్మడం వాల్ష్ వ్యాపారం. "నేను ఇవాళ ఇలా కొట్టాను" అని రూత్ రాసినట్టు పత్రికలో వస్తుంది. రాసింది వేరే ఎవరో. అలా రాసినవాళ్ళలో ఫోర్డ్ ఫ్రిక్ ఒకడు. ఈ ఫ్రిక్ తరువాత 1951లో బేస్‌బాల్ మొత్తానికి కమిషనర్ అయ్యాడు. రూత్ 1927లో ఒకే సీజన్‌లో 60 హోమ్ రన్లు కొట్టాడు. 1961లో రోజర్ మారిస్ ఆ అంకెకు దగ్గరపడుతుంటే, 154 ఆటల్లోపు దాటకపోతే రికార్డు పుస్తకంలో విడిగా చూపించాలని ఇదే ఫ్రిక్ ప్రకటించాడు. రూత్ కాలంలో సీజన్‌కు 154 ఆటలు, మారిస్ కాలంలో 162. లెక్క ప్రకారం ఆయన వాదనలో కొంత న్యాయం లేకపోలేదు. అయినా ఒకప్పుడు తాను అలంకరించిన విగ్రహం కదా అని నాకు అనిపిస్తుంది. మారిస్ చివరి రోజు ఆటలో 61వది కొట్టాడు. వాల్ష్ గురించి ఒక మంచిమాట కూడా చెప్పాలి. చేతిలో డబ్బు నిలవని రూత్‌ను ఒప్పించి కొంత దాచిపెట్టించాడు.

మరి తాడు? అదీ ఉంది. విలేకరులు జట్టుతోపాటు అదే రైల్లో తిరిగేవారు, ఖర్చు జట్టు యజమానులదే. రూత్‌తో పేకాట ఆడేవారు. అతని తాగుడు, రాత్రుళ్ళు తిరుగుళ్ళు, గొడవలు అన్నీ కళ్ళారా చూసినవాళ్ళే. రాయలేదు. 1925 ఏప్రిల్‌లో అతను ఉత్తర కరొలైనాలోని ఆష్‌విల్‌లో కుప్పకూలిపోతే, హాట్ డాగులు మరీ ఎక్కువ తిన్నాడని రాసి దండ వేసేశారు. సముద్రం దాటేసరికి ఆ వార్త ఇంకా పెరిగి, లండన్ పత్రికలో రూత్ చనిపోయాడని కూడా వచ్చింది. అతను అనాథ అని దేశమంతా నమ్మింది. నిజానికి బడిలో వేసేనాటికి తల్లిదండ్రులిద్దరూ ఉన్నారు. అనాథ గొప్పవాడైతే కథ ఇంకా బాగుంటుంది మరి.

మేళం లేనిదే ఊరేగింపు ఉంటుందా? సరిగ్గా అప్పుడే రేడియో వచ్చింది. 1921 ఆగస్టులో పిట్స్‌బర్గ్‌లోని కేడీకేఏ కేంద్రం మొదటిసారి బేస్‌బాల్ ఆటను ప్రసారం చేసింది. 1926లో మీ న్యూజెర్సీలోనే జానీ సిల్వెస్టర్ అనే పదకొండేళ్ళ పిల్లవాడు జబ్బుపడ్డాడు. ఏం జబ్బో ఒక్కో పత్రిక ఒక్కో రకంగా రాసింది. ఆటగాళ్ళు సంతకాలు చేసిన బంతులు పంపారు. బుధవారం ఆటలో నీకోసం ఒకటి కొడతానని రూత్ కబురు పెట్టాడు. ఆ బుధవారం సెయింట్ లూయిస్‌లో ఒకటి కాదు, మూడు కొట్టాడు. అవి విని పిల్లవాడు లేచి కూర్చున్నాడని పత్రికలు రాశాయి. తరువాత రూత్ స్వయంగా ఇంటికి వెళ్ళి చూసి వచ్చాడు, విలేకరులు వెంటరాగా. కొన్నాళ్ళకు ఆ పిల్లవాడి బంధువు ఎదురుపడి కృతజ్ఞతలు చెబితే, ఆయన అటు వెళ్ళగానే రూత్ "ఎవరీ జానీ సిల్వెస్టర్?" అని పక్కవాణ్ణి అడిగాడని కూడా ఒక కథ చెప్పుకుంటారు. మందు వల్ల తగ్గిందో, హోమ్ రన్ల వల్ల తగ్గిందో నేను తేల్చను. ఆ పిల్లవాడు పెరిగి పెద్దవాడై, 1947లో రూత్ జబ్బుపడినప్పుడు ఆ పాత బంతి తీసుకుని చూడటానికి వెళ్ళాడు. అక్కడ మాత్రం నాకు గొంతు పట్టేస్తుంది.

ప్రసాదం సంగతి మరిచిపోయాను. 1921లో బేబీ రూత్ అనే మిఠాయి వచ్చింది. రూత్‌కు ఒక్క సెంటు ఇవ్వలేదు. ఆ పేరు క్లీవ్‌లాండ్ అనే పాత అధ్యక్షుడి కూతురిదని కంపెనీ వాదన. ఆ పాప 1904లోనే చనిపోయింది. రూత్ తన పేరుతో సొంత మిఠాయి తెస్తే 1931లో కోర్టు ఆపేసింది. స్వామి పేరు చెప్పి ఊరంతా పంచారు, స్వామికి మాత్రం పెట్టలేదు.

మనవైపు కూడా 1926లో ఒక వీరుడు బయలుదేరాడు. నాగపూర్‌లో తెలుగు కుటుంబంలో పుట్టిన సి.కె.నాయుడు. ఆ డిసెంబరులో బొంబాయిలో ఇంగ్లండ్ నుంచి వచ్చిన ఎం.సి.సి. జట్టు మీద 153 పరుగులు, అందులో 11 సిక్సర్లు. ఆయన వెంట చలికాలం కూడా తిరిగే విలేకరి ఉండి ఉంటే ఎలా ఉండేదో మీరే ఊహించుకోండి.

ఇక్కడ నా పోలిక కుంటుతుంది. ఉత్సవమూర్తి పండగ అయ్యాక గుడికి తిరిగి వెళతాడు. మనిషికి ఆ వీలు లేదు. 1935లో ఆట మానేశాక ఏదైనా పెద్ద జట్టును నడిపే పని ఇస్తారేమోనని రూత్ చాలా ఎదురుచూశాడు. ఎవరూ ఇవ్వలేదు. ఫొటోలకు మాత్రం పిలుస్తూనే ఉన్నారు.

అసలు ఊరేగింపే దక్కనివాళ్ళూ ఉన్నారు. జాష్ గిబ్సన్ నల్లజాతి ఆటగాడు. ఆ రోజుల్లో పెద్ద లీగుల్లోకి నల్లవాళ్ళను రానివ్వలేదు కాబట్టి నీగ్రో లీగుల్లో ఆడాడు. పిట్స్‌బర్గ్ కూరియర్, చికాగో డిఫెండర్ లాంటి నల్లవారి పత్రికలు అతని గురించి రాశాయి. న్యూయార్క్ పెద్ద పత్రికలకు అతను దాదాపు కనిపించలేదు. 1947 జనవరిలో, 35 ఏళ్ళకే చనిపోయాడు. ఆ ఏప్రిల్‌లోనే జాకీ రాబిన్సన్ అనే నల్లజాతి ఆటగాడు పెద్ద లీగులో అడుగుపెట్టాడు. 2024లో నీగ్రో లీగుల లెక్కలు కూడా కలిపి చూస్తే బ్యాటింగ్ సగటులో అందరికన్నా పైన తేలింది గిబ్సనే. కాబట్టి పిల్లలూ, ఎవరినైనా ఇష్టపడండి, వద్దనను. కానీ వాహనం ఎటునుంచి వచ్చిందో, ఏ వీధిలోకి వెళ్ళలేదో కూడా అడగండి. కార్తీక్, నీ గదిలో గోడమీదున్న బొమ్మల గురించి కూడా ఇదే మాట.

చివరగా మీకొక పని. 1932 అక్టోబరు 1న చికాగోలో వరల్డ్ సిరీస్ ఆట, అంటే ఆ ఏటి విజేతను తేల్చే పోటీల్లో ఒకటి. అయిదో ఇన్నింగ్స్, స్కోరు 4-4. ఎదుటి జట్టు వాళ్ళు రూత్‌ను నోటికొచ్చినట్టు తిడుతున్నారు. రూత్ చెయ్యి ఎత్తి వేలు చూపించాడు, తరువాతి బంతిని మైదానం మధ్య కంచె అవతలికి కొట్టాడు. ఎక్కడికి కొడతాడో ముందే చూపించి మరీ కొట్టాడని జో విలియమ్స్ అనే విలేకరి శీర్షిక పెట్టాడు. ఆ బంతి విసిరిన చార్లీ రూట్ మాత్రం ఒప్పుకోలేదు, జీవితాంతం ఒప్పుకోలేదు. రూత్ అడిగినవాళ్ళను బట్టి జవాబు మార్చాడు. ఆ రోజు ప్రేక్షకుల్లో ఒకాయన చేతికెమెరాతో తీసిన మూగచిత్రం దశాబ్దాల తరువాత బయటపడింది. కంప్యూటర్‌లో దొరుకుతుంది. నేను చాలాసార్లు చూశాను. ఏం కనిపించిందో చెప్పను.

మీరిద్దరూ అమ్మనడిగి, వేరువేరుగా చూడండి. ఆ వేలు దేనివైపు ఉందో, బంతి విసిరేవాడి వైపా, తిడుతున్నవాళ్ళ వైపా, కంచె వైపా, ఒకరి కాగితం ఒకరు చూడకుండా రాయండి. రెండూ ఒకే కవరులో పెట్టి పంపండి. స్టాంపుల ఖర్చు మీ నాన్నది.

ప్రేమతో
మీ తాతయ్య