జాకీ చాన్‌కి డూప్ లేడా? ఒక ఫైట్ మాస్టర్ చెప్పే అపోహలు - వాస్తవాలు

ఫైట్లు నేర్చుకుంటామని మా దగ్గరకొచ్చే కుర్రాళ్లలో చాలామందికి జాకీ చానే దేవుడు. నాకూ అంతే. కానీ ఆయన గురించి ప్రచారంలో ఉన్న మాటలు నమ్మి ఒళ్లు విరగ్గొట్టుకునేవాళ్లున్నారు. అందుకే ఇది రాస్తున్నాను.

అపోహ: ఆయన అసలు కుంగ్‌ఫూ ఫైటర్, తర్వాత నటుడయ్యాడు.

వాస్తవం: ఆయన పెరిగిందే నాటకాల బడిలో. 1954లో హాంకాంగ్‌లో పుట్టాడు. ఏడేళ్లప్పుడు యు జిమ్ యువెన్ అనే గురువు దగ్గర పెకింగ్ ఒపేరా (చైనా సంప్రదాయ సంగీత నాటకం) నేర్పే బడిలో చేరాడు. పదేళ్ల పాటు తిండి, నిద్ర, దెబ్బలు అన్నీ అక్కడే. పాట, అభినయం, పిల్లిమొగ్గలు, కర్రసాము కలిపి నేర్పారు. ఆయన ఫైట్‌లో వినిపించే తాళం ఆ బడిదే. తర్వాత హాంకాంగ్ ఫైట్ సినిమాల్లో స్టార్లయిన సామో హంగ్, యువెన్ బియావో కూడా అక్కడి పిల్లలే.

అపోహ: బ్రూస్ లీ పోగానే ఆ స్థానం ఈయనకు దక్కింది.

వాస్తవం: 1972లో 'ఫిస్ట్ ఆఫ్ ఫ్యూరీ' క్లైమాక్స్‌లో బ్రూస్ లీ తన్నుకు ఎగిరిపడే విలన్‌కి డూప్ జాకీయే. 1976 నుంచి దర్శకుడు లో వెయ్ ఆయన్ని రెండో బ్రూస్ లీని చేయాలని చూస్తే సినిమాలు పోయాయి. 1978లో 'డ్రంకెన్ మాస్టర్'తో దశ తిరిగింది. దెబ్బ తగిలితే 'అమ్మా' అనే హీరోని జనం అక్కున చేర్చుకున్నారు.

అపోహ: డూప్‌ని ఎప్పుడూ పెట్టుకోలేదు, భయమంటే తెలీదు.

వాస్తవం: ఈ మాటే అన్నిటికంటే ప్రమాదం. 'పోలీస్ స్టోరీ'లో (1985) షాపింగ్ మాల్‌లో లైట్లు చుట్టిన స్తంభం మీంచి జారింది ఆయనే. చేతులు కాలాయి, నడుముకు దెబ్బ తగిలింది. అదే సినిమాలో బైక్‌తో అద్దం పగలగొట్టుకొచ్చింది మాత్రం బ్లాకీ కో అనే స్టంట్‌మ్యాన్. 'ప్రాజెక్ట్ ఎ'లో (1983) గడియారం స్తంభం మీంచి పడే షాట్‌ని ధైర్యం చాలక రోజుల తరబడి వాయిదా వేశాడు. ఇక పుర్రె పగిలింది ఎక్కడో తెలుసా? 1986 'ఆర్మర్ ఆఫ్ గాడ్'కి యుగోస్లావియాలో చెట్టు మీదికి దూకే మామూలు షాట్‌లో. మొదటి టేక్ బాగానే వచ్చింది, ఇంకా బాగా రావాలని రెండోది చేశాడు. మా ఫీల్డ్‌లో దెబ్బలు తగిలేది ఎక్కువగా ఇలాంటి 'చిన్న' షాట్లలోనే.

అపోహ: ఆయన గొప్పదనమంతా స్పీడే.

వాస్తవం: కెమెరా, ఎడిటింగ్ చూడండి. కొట్టినవాడు, తిన్నవాడు ఒకే ఫ్రేమ్‌లో ఉంటారు. కట్ చేసే చోట దెబ్బను కొన్ని ఫ్రేములు వెనక్కి జరిపి మళ్లీ చూపిస్తారు. కంటికి అది రెట్టింపు బరువుగా తగులుతుంది. పెద్ద స్టంట్ అయితే వేరే యాంగిల్‌లో మొత్తం మళ్లీ వస్తుంది. మనవాళ్లు ముక్కలు ముక్కలుగా కోసి ఈ బరువునే పోగొడుతున్నారని నా బాధ.

అపోహ: డెబ్బై దాటినా అప్పటిలాగే చేస్తున్నాడు.

వాస్తవం: ఇప్పుడు రోప్‌లు, డూప్‌లు వాడుతున్నాడు, వాడాలి కూడా. 2017 'ద ఫారినర్'లో బాంబు పేలుడులో కూతుర్ని పోగొట్టుకున్న తండ్రిగా భుజాలు వాల్చి నడిచే ఆ నడక చూడండి. మా బ్యాచ్‌లో మొదటి రోజు చూపించేది అదే, ఫైట్లు రెండో రోజు.